పోలీసులు పట్టుకున్న బండి, బంగారం, ఫోను: కేసు తేలకముందే కోర్టు ద్వారా విడిపించుకోవడం ఎలా?

బండి స్టేషన్‌కు వెళ్లిందంటే కేసు తేలేదాకా ఇక రాదని శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో చాలామంది అనుకుంటారు. అది నిజం కాదు. విచారణ మొదలవ్వకముందే, చివరికి ఛార్జిషీటు పడకముందే కూడా కోర్టును అడిగి తెచ్చుకోవచ్చు. బండి తిరిగి ఇవ్వడమంటే ముద్దాయి తప్పు చేయలేదని తేల్చడం కాదు. కేసు నడుస్తున్నంతకాలం ఆ వస్తువు ఎవరి దగ్గర భద్రంగా ఉండాలన్నదే అక్కడి ప్రశ్న. ఈ తేడా తెలియక ఎస్సై గారి కోసం రోజుల తరబడి స్టేషన్ మెట్ల మీద కూర్చునే వాళ్లను చూస్తే ప్రాణం ఉసూరుమంటుంది. ఒకసారి జప్తు సంగతి మేజిస్ట్రేటుకు చేరాక ఇవ్వాలో వద్దో చెప్పాల్సింది కోర్టు. అడగాల్సింది అక్కడే.

ఆలస్యం చేసేకొద్దీ నష్టం మీదే. కవిటి, సోంపేట, వజ్రపుకొత్తూరు, గార లాంటి చోట్ల సముద్రపు గాలిలో ఉప్పు ఉంటుంది. ఆరుబయట నిలబెట్టిన ఇనుము ఒక వానాకాలం దాటితే చాలు, తుప్పు పట్టేస్తుంది. బ్యాటరీ చచ్చిపోతుంది, టైర్లు పగుళ్లిస్తాయి. ఫైనాన్స్ వాయిదాలు మాత్రం ఆగవు.

చట్టం ఏమంటోంది

2024 జూలై 1 నుంచి పాత సీఆర్‌పీసీ (నేర విచారణ పద్ధతి చట్టం) స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత వచ్చింది. అందరూ బీఎన్ఎస్ఎస్ అంటున్నది దాన్నే. పాత 451 సెక్షన్ ఇప్పుడు 497, పాత 457 ఇప్పుడు 503. వస్తువును కోర్టు ముందు పెట్టినప్పుడు 497, పోలీసులు పట్టుకున్నట్టు మేజిస్ట్రేటుకు రిపోర్టు మాత్రమే పంపి వస్తువు స్టేషన్‌లోనే ఉన్నప్పుడు 503 వర్తిస్తాయి. మామూలుగా వకీళ్లు రెండూ కలిపి రాస్తారు, తప్పులేదు.

కొత్త చట్టంలో పనికొచ్చే గడువులున్నాయి. వస్తువు కోర్టు ముందుకు వచ్చిన 14 రోజుల్లో దాని వివరాల పట్టిక తయారు కావాలి. ఫొటోలు, అవసరమైతే వీడియో తీయించాలి. ఆ పట్టిక, ఫొటోలు అయ్యాక 30 రోజుల్లో ఆ వస్తువును ఎవరికి ఇవ్వాలో, ఏం చేయాలో కోర్టు ఉత్తర్వు ఇవ్వాలి. ఆ ఫొటోలే తర్వాత విచారణలో సాక్ష్యంగా పనికొస్తాయి. అలాగని ఇదంతా దానంతటదే జరిగిపోతుందని ఇంట్లో కూర్చోవద్దు. ఎవరో ఒకరు పిటిషన్ వేసి అడిగితేనే ఫైలు కదులుతుంది.

దీనికంటే ముందే, 2002లో, సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ వర్సెస్ గుజరాత్ రాష్ట్రం కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: బండ్లను ఏళ్ల తరబడి స్టేషన్లలో ఉంచడం వల్ల ప్రయోజనం లేదు, తగిన బాండు, పూచీకత్తు తీసుకుని వెంటనే ఇవ్వాలి, పట్టుకున్న వస్తువులు పోలీసుల దగ్గర పదిహేను రోజులు, మహా అయితే నెల రోజులకు మించి ఉండకూడదు అని. మీ పిటిషన్‌కు ఈ తీర్పు వెన్నెముక. వకీలు తప్పకుండా ప్రస్తావించేలా చూసుకోండి.

మొదటి పని: ఏ సెక్షన్ కింద పట్టుకున్నారో చూడండి

ఎఫ్ఐఆర్ కాపీ, మధ్యవర్తుల రిపోర్టు, ఈ రెండూ చేతిలో లేకుండా ఎవరి దగ్గరికీ వెళ్లొద్దు. ఫిర్యాది మీరే అయితే ఎఫ్ఐఆర్ కాపీ ఉచితంగా ఇవ్వాలి. మీరు ఫిర్యాది కాకపోతే పోలీసు వెబ్‌సైట్‌లోంచి తీసుకోవచ్చు, కోర్టులో కాపీకి దరఖాస్తు పెట్టుకోవచ్చు. లైంగిక నేరాల వంటి కొన్ని కేసుల ఎఫ్ఐఆర్‌లు మాత్రం వెబ్‌సైట్‌లో పెట్టరు. మధ్యవర్తుల రిపోర్టు అంటే బండి పట్టుకున్నప్పుడు వీఆర్వో లాంటి వాళ్లను పిలిచి రాసిన కాగితం. అందులో బండి నంబరు, ఇంజన్ నంబరు, ఛాసిస్ నంబరు సరిగ్గా పడ్డాయో లేదో ఒక్కో అంకె చూడండి. ఒక్క అంకె తేడా ఉన్నా బండి ఇచ్చే రోజున పెద్ద తలనొప్పవుతుంది.

సెక్షన్లు ఎందుకు చూడాలంటే, అన్ని కేసులకూ ఒకే గుమ్మం కాదు.

ఆర్సీ, పర్మిట్ లేవని మోటారు వాహనాల చట్టం 207 సెక్షన్ కింద ఆపితే అది క్రిమినల్ కోర్టు పని కాదు. కాగితాలు చూపించి రవాణా శాఖ అధికారి దగ్గర విడిపించుకోవాలి.

రేషన్ బియ్యం దొరికిన లారీ, ఆటోల సంగతి వేరు. నిత్యావసర వస్తువుల చట్టం 6ఏ సెక్షన్ కింద ఆ విషయం జాయింట్ కలెక్టర్ గారి ముందుకు వెళ్తుంది. 6ఈ సెక్షన్ మిగతా కోర్టుల చేతులు కట్టేస్తుంది. మేజిస్ట్రేటు కోర్టులో పిటిషన్ వేసి, అది వెనక్కి వచ్చాక కలెక్టరేట్‌కు పరుగెడితే నెలలు పోతాయి. అక్కడ మీకు రెండు ఆధారాలున్నాయి. మీకు, మీ మనిషికి, బండి నడిపినవాడికి తెలియకుండా జరిగిందనీ, తీసుకోవాల్సిన జాగ్రత్తలన్నీ తీసుకున్నామనీ చూపించగలిగితే బండిని సర్కారు పరం చేయకూడదు. అది కిరాయి బండి అయితే, సర్కారు పరం చేయడానికి బదులుగా జరిమానా కట్టే అవకాశం కూడా చట్టం ఇస్తుంది. ఆ జరిమానా దొరికిన సరుకు మార్కెట్ ధరను మించకూడదు. నోటీసు వస్తే గడువులోగా రాతపూర్వకంగా జవాబివ్వండి, నోటితో చెప్పి వచ్చేయకండి.

కలప, అటవీ ఉత్పత్తుల కేసుల్లో అటవీ శాఖ అధికారికి, మద్యం కేసుల్లో ఎక్సైజ్ డిప్యూటీ కమిషనర్‌కు బండిని సర్కారు పరం చేసే అధికారాలున్నాయి. వంశధార, నాగావళి ఇసుక ట్రాక్టర్ల కేసుల్లో గనుల చట్టం కలుస్తుంది. జరిమానా కట్టి రాజీ చేసుకునే దారి 23ఏ సెక్షన్‌లో ఉంది. మీ కేసుకు అది వర్తిస్తుందో లేదో ముందే వకీలుతో తేల్చుకోండి.

ఇక గంజాయి. ఒడిశా సరిహద్దు నుంచి హైవే మీదుగా వెళ్లే బండ్ల కేసులు మన దగ్గర తక్కువేం కాదు. ఈ కేసులో బండి అసలు రాదని చాలాకాలంగా ఒక మాట ప్రచారంలో ఉంది. 2025 జనవరి 7న బిశ్వజిత్ దే వర్సెస్ అస్సాం రాష్ట్రం కేసులో, మాదకద్రవ్యాల చట్టంలో అలాంటి నిషేధమేదీ లేదని సుప్రీంకోర్టు చెప్పింది. సరుకు యజమాని దగ్గరే లేదా అతని మనిషి దగ్గరే దొరికితే సాధారణంగా బండి ఇవ్వరు. బండి దొంగిలించబడి ఉంటే, లేదా ఎక్కిన ప్రయాణికుడి సంచిలో యజమానికి తెలియకుండా సరుకు దొరికితే ఇవ్వవచ్చు. పిటిషన్ మాత్రం మామూలు మేజిస్ట్రేటు దగ్గర కాదు, ఆ కేసులు చూసే ప్రత్యేక కోర్టులో వేయాలి. టాక్సీ నడుపుకునే వాళ్లు బుకింగ్ మెసేజీలు, ట్రిప్ షీట్లు, టోల్ రసీదులు దాచుకోవాలి. మీకు సరుకు సంగతి తెలియదని చూపించేవి అవే.

యాక్సిడెంట్లు, దొంగతనాలు, కొట్లాటలు, మోసాలు, ఈ మామూలు కేసులన్నిటికీ సంబంధిత జ్యుడీషియల్ ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటు కోర్టే. పోక్సో, ఎస్సీ ఎస్టీ కేసుల్లాంటివైతే జిల్లా కేంద్రంలోని ప్రత్యేక కోర్టు. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు మారాక రాజాం విజయనగరానికి, పాలకొండ పార్వతీపురం మన్యానికి వెళ్లాయి. మీ మండలం ఏ జిల్లాలో ఉందన్నది కాకుండా, ఆ స్టేషన్ ఎఫ్ఐఆర్ ఏ కోర్టుకు వెళ్లిందన్నదే లెక్క. స్టేషన్ రైటర్‌ను అడిగితే చెబుతారు.

రెండో పని: బండి ఎవరి పేరున ఉంది?

నా దృష్టిలో సగం పిటిషన్లు చిక్కుకునేది ఇక్కడే. కోర్టు చూసేది ఆర్సీలో ఉన్న పేరు. సోంపేట మనిషి బరంపురంలో సెకండ్ హ్యాండ్ బండి కొని, ఒడిశా నంబరు మార్చకుండా మూడేళ్లు నడిపి, కేసులో ఇరుక్కున్నాక "నాదే బాబూ" అంటే కోర్టు ఎలా నమ్మాలి? అమ్మినవాణ్ణి పిలిచి, అతని చేత పిటిషన్ వేయించడమో, మీకు ఇవ్వడానికి అభ్యంతరం లేదని అఫిడవిట్ ఇప్పించడమో చేయాలి. అమ్మకం కాగితం, డబ్బు పంపిన బ్యాంకు వివరాలు జతచేయాలి. బండి చేతులు మారితే అమ్మినవాడు సొంత రాష్ట్రంలోనైతే 14 రోజుల్లో, వేరే రాష్ట్రానికైతే 45 రోజుల్లో, కొన్నవాడు 30 రోజుల్లో పేరు మార్పు కోసం రవాణా శాఖకు తెలియజేయాలని చట్టం. ఇప్పుడు బండి మీ ఇంటి ముందే ఉన్నా సరే, ఈ పని మిగిలి ఉంటే ఈ వారమే చేయండి.

యజమాని గల్ఫ్‌లోనో, చెన్నైలోనో పనికి వెళ్లి ఉండటం మన జిల్లాల్లో ఇంటింటి కథ. దేశంలోనే ఉంటే నోటరీ ముందు పవర్ ఆఫ్ అటార్నీ రాయించి తెప్పించుకోవచ్చు. విదేశంలో ఉంటే అక్కడి భారత రాయబార కార్యాలయంలో ధ్రువీకరించిన పత్రం కావాలి. ఇక్కడికి చేరిన మూడు నెలల్లో దానికి స్టాంపు డ్యూటీ కట్టించాలి. యజమాని చనిపోయి ఉంటే, తహసీల్దార్ ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, మిగతా వారసుల అఫిడవిట్లు కావాలి. అన్నదమ్ముల మధ్య మాట తేడా ఉంటే ముందు అది ఇంట్లో చక్కబెట్టుకోండి. పోటీ పిటిషన్ పడిందంటే వాయిదాలే వాయిదాలు.

మూడో పని: పిటిషన్

పెద్ద పుస్తకం రాయనక్కర్లేదు. ఏ స్టేషన్, ఏ క్రైం నంబరు, ఏ సెక్షన్లు, ఏ తేదీన పట్టుకున్నారు, ఇప్పుడు వస్తువు ఎక్కడుంది, మీకు దాని మీద హక్కు ఎలా వచ్చింది, మీరు ముద్దాయా కాదా, ఎందుకు ఇప్పుడే కావాలి, ఎప్పుడు అడిగితే అప్పుడు తెచ్చి చూపిస్తారన్న హామీ. ఇంతే. "ఎందుకు కావాలి" అన్న చోట ఊరికే కష్టాలు పడుతున్నాం అని రాసి వదిలేయొద్దు. నెలకు వాయిదా ఎంత, ఆ ఆటో మీద ఎందరు బతుకుతున్నారు, బండి ఇప్పుడు కప్పు లేని చోట ఉందా లేదా, ఇవి రాయించండి. మీరు స్వయంగా వెళ్లి గేటు బయట నుంచి తీసిన ఫొటో ఒకటి చాలు.

జతచేయాల్సినవి: ఆర్సీ, ఇన్సూరెన్స్, పర్మిట్, ఫిట్‌నెస్ (రవాణా బండి అయితే), ఆధార్, ఎఫ్ఐఆర్, మధ్యవర్తుల రిపోర్టు కాపీలు, బండి ఫొటోలు. ప్రమాదం కేసైతే మోటార్ వెహికల్ ఇన్‌స్పెక్టర్ తనిఖీ పూర్తయిందా అని ముందే కనుక్కోండి. అది కాకుండా పిటిషన్ వేస్తే ఆ ఒక్క కారణంతో వాయిదా పడుతుంది. ప్రమాదం జరిగిన రోజుకు థర్డ్ పార్టీ ఇన్సూరెన్స్ లేకపోతే, బాధితుల పరిహారానికి తగ్గ సెక్యూరిటీ పెట్టమని కోర్టు అడుగుతుందని మనసులో పెట్టుకోండి.

వకీలు పెట్టుకునే స్తోమత లేకపోతే శ్రీకాకుళం, విజయనగరం జిల్లా కోర్టుల ఆవరణల్లోనే జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉంది. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు, కస్టడీలో ఉన్నవాళ్లు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత వకీలును అడగవచ్చు. మిగతావాళ్లకు ఆదాయ పరిమితి ఉంటుంది. ఫోనులో 15100కు చేస్తే దారి చూపిస్తారు. స్టేషన్ బయట "నేను మాట్లాడి ఇప్పిస్తాను" అనే మనిషికి ఇచ్చే డబ్బు కంటే ఇది ఎన్నో రెట్లు నయం.

నాలుగో పని: వాయిదా రోజు

పిటిషన్‌కు క్రిమినల్ ఎంపీ (మిసిలేనియస్ పిటిషన్) నంబరు పడుతుంది. ప్రభుత్వం తరఫు వకీలైన ఏపీపీ (అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటర్) గారికి కాపీ వెళ్తుంది, ఆయన స్టేషన్ నుంచి రిపోర్టు తెప్పించి కౌంటర్, అంటే రాతపూర్వక జవాబు, వేస్తారు. ఆ రిపోర్టు రాకే ఎక్కువ ఆలస్యం. కాబట్టి పిటిషన్ వేసిన మర్నాడే కాపీ పట్టుకుని స్టేషన్‌కు వెళ్లి, రిపోర్టు పంపమని మర్యాదగా అడిగి రండి. వాయిదా తేదీలు ఈ-కోర్ట్స్ యాప్‌లో చూసుకోవచ్చు.

కౌంటర్లలో వచ్చే అభ్యంతరాలు దాదాపు ఒకేలా ఉంటాయి. "దర్యాప్తు సాగుతోంది, బండి సాక్ష్యం" అంటారు. దానికి జవాబు చట్టంలోనే ఉంది: ఫొటోలు, పట్టిక తయారు చేసుకుంటే సాక్ష్యం పోదు. "తీసుకెళ్లి అమ్మేస్తాడు, రంగు మారుస్తాడు" అంటారు. ఆ పని చేయనని బాండు రాసిస్తానని మీరే ముందుగా పిటిషన్‌లో చెబితే ఆ మాటకు బలం ఉండదు. "మళ్లీ నేరానికి వాడతాడు" అన్నప్పుడు మీ మీద పాత కేసులు లేకపోతే ఆ సంగతి గట్టిగా చెప్పించాలి. ఉంటే దాచొద్దు. ఏపీపీ గారు చదివి వినిపించాక బయటపడితే మీ మిగతా మాటలకూ విలువ పోతుంది.

మరో మాట. కొన్నిసార్లు కోర్టు దాకా వెళ్లనక్కర్లేదు. బీఎన్ఎస్ఎస్ 106 సెక్షన్ ప్రకారం, తరలించడం కష్టమైనా, భద్రపరిచే చోటు లేకపోయినా, దర్యాప్తుకు ఇక అవసరం లేకపోయినా, కోర్టులో చూపిస్తానన్న బాండు రాయించుకుని పోలీసు అధికారే ఇవ్వవచ్చు. ప్రమాదం కేసులో తనిఖీ లాంఛనాలయ్యాక 24 గంటల్లో బండి ఇవ్వాలని మోటారు వాహనాల చట్టం 136 సెక్షన్ చెబుతోంది. స్టేషన్‌లో రాతపూర్వకంగా అడిగి, అందినట్టు సంతకం తీసుకోండి. ఇవ్వకపోతే ఆ కాగితమే కోర్టులో మీకు ఆధారం.

ఐదో పని: బాండు, జామీనుదారులు

ఉత్తర్వు వచ్చిందని స్వీట్లు పంచేలోపు షరతులు చదవండి. మామూలుగా ఇంత మొత్తానికి సొంత బాండు, అంతే మొత్తానికి ఇద్దరు జామీనుదారులు, ఒరిజినల్ ఆర్సీ కోర్టులో జమ, అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు, రూపం మార్చకూడదు, పిలిస్తే తేవాలి. ఈ షరతులే ఉంటాయి.

జామీనుదారులను ఉత్తర్వుకు ముందే మాట్లాడి ఉంచుకోండి. పల్లెలో ఇంటి పన్ను రసీదు, పట్టాదారు పాసుపుస్తకం, 1బి అడిగే కోర్టులున్నాయి. ఆస్తి విలువ కాగితం కోరే కోర్టులున్నాయి. ప్రభుత్వ ఉద్యోగి అయితే జీతం సర్టిఫికెట్ చాలంటారు. ఆ కోర్టులో ఏది నడుస్తుందో వకీలు గుమాస్తాకు తెలిసినట్టు ఇంకెవరికీ తెలియదు, ముందురోజే అడగండి. ఆధార్, ఫొటోలు తప్పనిసరి. మొత్తం మీ శక్తికి మించితే ఊరుకోవద్దు. బండి ఇప్పటి విలువ చూపించి, మొత్తం తగ్గించమనీ, ఇద్దరికి బదులు ఒక్కరిని అనుమతించమనీ మళ్లీ అడగవచ్చు. పదేళ్ల నాటి ఆటోకు కొత్త ఆటో ధర బాండు పెడితే బీదవాడికి ఉత్తర్వు ఉండీ లేనట్టే.

ఆర్సీ కోర్టులో పెట్టేముందు సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు చేయండి. డిజీలాకర్‌లోకి కూడా తెచ్చుకోండి, రోడ్డు మీద అది చెల్లుతుంది.

ఆరో పని: స్టేషన్‌లో అప్పగింత

కోర్టు నుంచి వెళ్లే విడుదల ఉత్తర్వు కాపీ మీ దగ్గరా ఒకటి ఉంచుకోండి. బండి చుట్టూ తిరిగి వీడియో తీయండి: బ్యాటరీ, స్టెప్నీ, జాకీ, మీటరు అంకె, అద్దాలు. మధ్యవర్తుల రిపోర్టులో ఉండి ఇప్పుడు లేని వస్తువు ఉంటే, రసీదు మీద సంతకం పెట్టేముందే అందులో రాయించండి. సంతకం చేసి ఇంటికి వచ్చాక గుర్తొస్తే వినేవాళ్లుండరు.

బంగారం, నగదు, ఫోన్లు

దొంగతనం కేసులో రికవరీ అయిన నగలు ఆడవాళ్లకు ఎంత ముఖ్యమో చెప్పక్కర్లేదు. ఇక్కడా పిటిషన్ అదే. నగల షాపు బిల్లు ఉంటే మంచిది, పాత పుస్తెలతాడుకు బిల్లు ఎవరి దగ్గరుంటుంది? పెళ్లి ఫొటోలు, ఫిర్యాదులో మీరు రాసిన గుర్తులు, బరువు, గతంలో బ్యాంకులో కుదువ పెట్టిన రసీదు పనికొస్తాయి. అందుకే మొదటి రోజు ఫిర్యాదులోనే గుర్తులు వివరంగా రాయించాలి. దొంగ ఆ నగలను ఫైనాన్స్ కంపెనీలో తాకట్టు పెట్టి ఉంటే వాళ్లూ కోర్టుకు వస్తారు. అప్పుడు ఎవరి హక్కు మేలైనదో చూసి తాత్కాలికంగా ఇస్తారు, అంతిమ హక్కు తేలినట్టు కాదు. తెచ్చుకున్నాక కరిగించొద్దు, మార్చొద్దు, తాకట్టు పెట్టొద్దు, విచారణలో గుర్తుపట్టమని అడుగుతారు. నగదైతే నోట్ల నంబర్లు రాసి, ఫొటో తీసి ఇస్తారు.

ఫోన్లు ఆలస్యమవుతాయి, ఫోరెన్సిక్ ల్యాబ్‌కు వెళ్లి ఉంటే ఇంకానూ. కనీసం సిమ్ డూప్లికేట్ తీసుకోవడానికి అభ్యంతరముందా అని రాతపూర్వకంగా అడగండి. ఆన్‌లైన్ మోసంలో పోయిన డబ్బు 1930కు ఫోన్ చేశాక ఏదో ఖాతాలో ఆగి ఉంటే, దాన్ని రప్పించడానికీ 503 కింద పిటిషన్ వేయవచ్చు. ఆగిన ఖాతా, బ్యాంకు, మొత్తం వివరాలు పోలీసుల నుంచి తీసుకుని జతచేయాలి.

పిటిషన్ కొట్టేస్తే

ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీకి ఆ రోజే దరఖాస్తు పెట్టండి. కారణం చిన్నదైతే, అంటే తనిఖీ కాలేదనో, ఆర్సీ యజమాని రాలేదనో అయితే, అది సరిచేసి మళ్లీ అక్కడే వేయడం తేలిక. లేకపోతే సెషన్స్ కోర్టులో 90 రోజుల్లోగా రివిజన్ ఉంది. ఇలాంటి ఉత్తర్వు మీద రివిజన్ నిలుస్తుందా అన్న వాదన కోర్టుల్లో వస్తుంటుంది కాబట్టి, బీఎన్ఎస్ఎస్ 528 సెక్షన్ కింద అమరావతిలోని హైకోర్టుకు వెళ్లడం మేలా అన్నది వకీలుతో మాట్లాడి నిర్ణయించుకోండి.

బండి ఇంటికి వచ్చాక

అడ్రసు మారితే కోర్టుకు తెలియజేయండి. బండి అమ్మాల్సి వస్తే ముందు అనుమతి పిటిషన్ వేయండి. అనుమతి లేకుండా అమ్మితే బాండు మొత్తం కట్టాల్సింది మీరు, మీతోపాటు మీ మాట నమ్మి సంతకం పెట్టిన జామీనుదారులు. కోర్టు తెమ్మన్న రోజున ఆటో కిరాయికి వెళ్లిందని చెప్పొద్దు.

తీర్పు వచ్చిన రోజున 498 సెక్షన్ కింద వస్తువు ఎవరికి చెందాలో కోర్టు చెప్పాలి. తీర్పు చివరి పేజీలో మీ బండి నంబరు, "అప్పీలు గడువు తర్వాత బాండు రద్దు" అన్న అర్థంలో వాక్యం ఉన్నాయో లేదో చూడండి. లేకపోతే ఆ కోర్టులోనే మెమో వేసి, బాండు రద్దు చేయించుకుని, ఒరిజినల్ ఆర్సీ వెనక్కి తీసుకుని, జామీనుదారులకు వాళ్ల కాగితాలు ఇచ్చేయండి.